చదవని ఆరు పేర్లు

అపలాచికోలా
అక్టోబరు 9

ఎమ్మెట్ బావకి,

నేను బాగానే ఉన్నాను. నువ్వూ జోడీ కూడా బాగానే ఉన్నారని, మీరు రాయకపోయినా అనుకుంటున్నాను. ఫోన్ ఉండగా ఉత్తరమెందుకంటావేమో. ఫోన్లో నువ్వు "ఊఁ, చూద్దాంలే ట్వైలా" అని జారుకుంటావు, నేను విసురుగా పెట్టేస్తాను. అక్క పోయినప్పటి నుంచి మన మాటలన్నీ అలాగే తెల్లారాయి. కాగితం మీద జారుకోవడం కాస్త కష్టం.

ముందు మంచి కబురు. నది మీద కొత్తగా కడుతున్న వంతెనకి అక్క పేరు పెట్టాలని కౌంటీ పెద్దలు అనుకుంటున్నారు. నడీన్ బర్చ్ వంతెన. నాన్న బతికుంటే దారి కాకపోయినా రోజూ తన పడవని దాని కిందనుంచే తీసుకెళ్ళేవాడు. ప్రారంభం వేసవిలో. గ్రంథాలయంలో ఒక అద్దాల బీరువా కూడా పెడతారట. వ్యోమగామి శిక్షణలో అక్క వేసుకున్న నీలం జాకెట్ నీ దగ్గరే ఉంది కదా, పంపించు.

నా వ్యాపారం సంగతి అడక్కు. వానలకి నది పొంగి మురికి నీళ్ళు చేరాయని నది సముద్రంలో కలిసే మా బేలో ఆల్చిప్పలు తీయడం ఆపించారు. పడవలు కట్టేసి మగాళ్ళంతా ఆల్చిప్పలు వండి అమ్మే నా కొట్టు ముందు చేరి ప్రభుత్వాన్ని తిడుతున్నారు. డ్యూయీ కూడా వస్తున్నాడు. విడాకులప్పుడు నన్ను వదిలాడు గాని నా కాఫీని వదల్లేదు.

ఇక అసలు సంగతి. వచ్చే జనవరిలో, ఏడో వర్ధంతికి, మీ అంతరిక్ష కేంద్రంలో కొత్త స్మారక శిల పెడుతున్నారనీ, దాన్ని ఆవిష్కరించేది గ్రాడీ వెల్చ్ అనీ పేపర్లో పడింది. అచ్చుతప్పేమో అనుకుని మళ్ళీ చదివాను. అక్క ఎక్కిన మెరిడియన్ నౌక పైకి లేచినప్పుడు ఏదో ఊడివచ్చి రెక్కకి తగిలిందనీ, ఒకసారి ఫోటోలు తీయించి చూద్దామనీ కింద ఇంజనీర్లు బతిమాలితే అక్కర్లేదన్న అధికారి ఇతనేనని మీ ఊళ్ళో చిన్నపిల్లలకి కూడా తెలుసు. విచారణ నివేదికలో ఏం రాశారో నాకు కంఠతా వచ్చు. "అనుమతి లభించలేదు." ఎవరివ్వలేదో లేదు. ఈ ఏడాది వానలు పడలేదు అన్నట్టు రాశారు. రెక్కకి పడిన ఆ చిల్లుతోనే ఆరుగురూ ఇంటికి బయల్దేరారు, దారిలోనే కాలిపోయారు.

నువ్వింకా అక్కడే జీతం తీసుకుంటున్నావు కాబట్టి నీకు తెలియకుండా ఉండదు. నిజమా కాదా, అది రాయి.

జోడీకి పిన్ని ముద్దులిచ్చిందని చెప్పు.

ట్వైలా


హ్యూస్టన్
అక్టోబరు 24

ట్వైలాకి,

నీ ఉత్తరం అందింది. మేం క్షేమమే. జోడీకి కారు నడపడానికి లైసెన్సు వచ్చింది, నాకు నిద్ర పోయింది. పెరట్లో ఆర్మడిల్లో అనే పెంకు జంతువు ఒకటి చేరి, నేనెంత పూడ్చినా గుంటలు తవ్వుతూనే ఉంది. పట్టుదల చూసి జోడీ దానికి నీ పేరు పెట్టింది. ఏమీ అనుకోకు, ముద్దుగానే పెట్టింది.

వంతెన సంగతి విని సంతోషించాను. నడీన్ ఉంటే పడీపడీ నవ్వేది. ఈత రాకముందే పాత వంతెన మీంచి నదిలోకి దూకిందట కదా, మీ నాన్న వెనకే దూకి జుట్టు పట్టుకుని లాక్కొచ్చాడట. కొత్తదాని మీద ముందు "దూకరాదు" అని బోర్డు పెట్టించమను.

జాకెట్ పంపలేను.

వెల్చ్ సంగతి నిజమే. కుటుంబాల తరఫున కార్యక్రమం చూసే సంఘంలో నేనూ ఉన్నాను. ఆయన పేరుకి నేనూ ఒప్పుకున్నాను. ఆయన మాట్లాడాక జోడీ ఆరుగురి పేర్లూ చదువుతుంది. అంతకుమించి నేనేమీ రాయలేను. నన్ను తప్పుపట్టకుండా ఉండగలిగితే ఉండు.

ఎమ్మెట్


అపలాచికోలా
నవంబరు 15

బావకి,

"జాకెట్ పంపలేను." నీ ఉత్తరంలో ఆర్మడిల్లోకి ఇచ్చినంత చోటు కూడా మా ఊరికి ఇవ్వలేదు. ఎందుకు పంపలేవో ఒక ముక్క రాస్తే నీ సొమ్మేం పోయేది? మీ కేంద్రంవాళ్ళ మ్యూజియంలో పెట్టడానికి ఇచ్చేశావని ఇక్కడ అంటున్నారు. నేను కాదనలేకపోయాను, నాకు తెలియదు కాబట్టి.

కవరులో ఒక పేపరు ముక్క పెట్టాను చూడు. అక్కతో కలిసి శిక్షణ పొందిన ఒకావిడ పంపింది. గ్రాడీ వెల్చ్ డెబ్బయ్యో పుట్టినరోజు విందు. ఆయన పక్క కుర్చీలో గ్లాసు పట్టుకుని నవ్వుతున్నది నువ్వే కదా? నీలాగే ఉన్న ఇంకెవరో అని నాకు నేను సర్దిచెప్పుకోవాలని చూశాను. ఆ టై నేను పంపింది.

నిన్ను అక్క మొదటిసారి ఇంటికి తెచ్చిన రోజు గుర్తుందా? వేయించిన మల్లెట్ చేపలు, మొక్కజొన్న రొట్టె పెట్టాం. నువ్వు ముల్లు గొంతులో గుచ్చుకున్నా చెప్పకుండా తిన్నావు. నువ్వు వెళ్ళాక నాన్న ఏమన్నాడో నీకెప్పుడూ చెప్పలేదు, ఇప్పుడు చెబుతున్నాను. "ఈ కుర్రాడు ఎవర్నీ నొప్పించడే. అదే నా భయం," అన్నాడు.

ఏటా జనవరిలో మీరంతా నల్లకోట్లు వేసుకుని నిలబడతారు. ధైర్యం అంటారు, త్యాగం అంటారు, నక్షత్రాలంటారు. త్యాగం చేయడానికి మా అక్కని ఎవరైనా అడిగారా? రెక్కకి చిల్లు పడిందని చెప్పి, అయినా వస్తావా అని అడిగారా? ఈసారి నేనూ వస్తాను. ముందు వరసలో కూర్చుంటాను.

ట్వైలా


హ్యూస్టన్
డిసెంబరు 6

ట్వైలాకి,

ఫోటోలో ఉన్నది నేనే. నవ్వింది కూడా నేనే. కాదనను.

నిన్ను ఒకటి అడుగుతున్నాను. ఇంతవరకు నీ దగ్గర ఏదీ అడిగిన గుర్తు లేదు. ఈ జనవరికి రావద్దు. ఫిబ్రవరిలో రా, నెలరోజులుండు, జోడీకి మీ నాన్న చేసే చేపల పులుసు నేర్పు. కార్యక్రమానికి మాత్రం వద్దు. కారణం చెప్పలేను, ఒకరికి మాట ఇచ్చాను. నీ కోపం తప్పని నేననడం లేదు. కానీ నీ నోరు నాకు తెలుసు, ఆ రోజు అక్కడ దానికి పని లేదు.

ఈ ఒక్కసారికి నన్ను నమ్ము.

ఎమ్మెట్


అపలాచికోలా
డిసెంబరు 19

ఎమ్మెట్‌కి,

సరే. రాను.

జోడీకి క్రిస్మస్‌కి ఒక స్వెటరు పంపుతున్నాను. నా నోటితో దానికేమీ సంబంధం లేదు, చేతులతోనే అల్లాను. ఇకమీదట నాకు ఉత్తరాలు రాయనక్కర్లేదు.

ట్వైలా బర్చ్


హ్యూస్టన్
ఫిబ్రవరి 2

ట్వైలాకి,

రాయొద్దన్నావు. ఈ ఒక్కటీ చదివి తర్వాత చించెయ్యి.

రానని రాశావు, నేను నమ్మాను. నువ్వు రావనే ధీమాతో ఆ ఉదయం తేలిగ్గా ఊపిరి పీల్చుకున్నాను కూడా. ఆఖరి వరసలో నల్లటోపీ కింద ఉన్నది నువ్వని, నువ్వు లేచి నిలబడేదాకా నాకు తెలియలేదు.

వెల్చ్ మైకు దగ్గరికొచ్చి, కళ్ళజోడు పెట్టుకుని, జేబులోంచి కాగితం తీయడం నువ్వూ చూశావు. అందులో ఏముందో ఇప్పుడు చెప్పొచ్చు. "ఫోటోలు తీయిద్దామని నన్ను అడిగారు. వద్దన్నది నేను. మరెవరూ కాదు." కింద ఇంకా ఏవో ఉన్నాయి గాని మన ఆరు కుటుంబాలకీ కావలసింది అంతవరకే. ఆ కాస్త రాయించడానికి వేసవి నుంచి ఆయన గుమ్మం చుట్టూ తిరిగాను. ఆయన జోకులకి నవ్వాను. పుట్టినరోజుకి వెళ్ళి గ్లాసు పట్టుకున్నాను. ఆయన పెట్టిన షరతు ఒకటే: ముందుగా ఎవరికీ తెలియకూడదు, తెలిస్తే లాయర్లు తన నోరు కట్టేస్తారు. జోడీకి కూడా చెప్పలేదు. నీకు చెబితే మర్నాటికి మీ బేలో పెలికాన్ పక్షులకి కూడా తెలిసిపోతుందని భయపడ్డాను.

ఆయన నోరు తెరవబోతుండగా నువ్వు లేచి, "గ్రాడీ వెల్చ్, ఫోటోలు వద్దన్నవాడి పేరు కూడా ఈ రాయి మీద చెక్కించావా?" అన్నావు. మంచి ప్రశ్నే. ఎవరో ఒకరు ఎప్పుడో అడగాల్సిన ప్రశ్న. జవాబు ఆయన చేతిలోనే ఉంది ట్వైలా.

ఆయన కళ్ళజోడు తీసేశాడు. కాగితం మడిచి జేబులో పెట్టుకుని వెళ్ళి కూర్చున్నాడు. నిన్ను బయటికి తీసుకెళ్ళాక, గాలి ఎక్కువగా ఉందని చెప్పి కార్యక్రమం ముగించేశారు. నివాళిగా ఎగరాల్సిన విమానాలు మాత్రం వేళ తప్పకుండా వచ్చి మా తలల మీంచి ఎగిరిపోయాయి. పేర్ల కాగితం పట్టుకుని జోడీ మెట్ల పక్కనే నిలబడి ఉంది. దాన్ని ఎవరూ పిలవలేదు. చచ్చిపోయినవాళ్ళని తలుచుకోవడానికి వచ్చి, వాళ్ళ పేర్లు చదవకుండానే ఇళ్ళకి పోయాం.

మర్నాడు వెల్చ్‌కి ఫోన్ చేశాను. "మీవాళ్ళకి కావలసింది నిజం కాదు ఎమ్మెట్, నేను. నన్ను నేను బలి ఇచ్చుకోను," అని పెట్టేశాడు. పేపర్లో మాత్రం ఆయన ఎంత హుందాగా ప్రవర్తించాడో రాశారు.

జాకెట్ సంగతి. జోడీ చదువుకునేటప్పుడు అది వేసుకుని కూర్చుంటుంది. దానంతట అది ఇవ్వకుండా దాని ఒంటిమీంచి తీసే ధైర్యం నాకు లేదు. ఈ మాట అప్పుడే రాయాల్సింది, నాకు చేతకాలేదు.

జోడీ నీతో మాట్లాడనంటోంది. బలవంతపెట్టను.

ఎమ్మెట్


అపలాచికోలా
ఫిబ్రవరి 17

బావకి,

చించలేదు.

నాకు చెప్పాల్సింది. ఆ మనిషికి ఇచ్చిన మాటకున్న విలువ, అక్కకి తోడబుట్టినదాన్ని, నాకు లేకపోయింది. ఇది ముందు రాసి తీరాలి, తర్వాత ఏమన్నా ఒప్పుకుంటాను.

ఒట్టేసి చెబుతున్నాను, నోరెత్తకుండా వెనక కూర్చుని వచ్చేద్దామనే వచ్చాను. అందుకే ఆ టోపీ. ఆయన కళ్ళజోడు పెట్టుకునేసరికి చర్చిలో ప్రార్థన చదవబోతున్న పెద్దమనిషిలా కనిపించాడు. ఆ పెద్దరికం చూడలేకపోయాను. లేచానని నాకే నా గొంతు విన్నాక తెలిసింది.

నాకు తగిన శాస్తి జరిగిందని నువ్వు సంతోషించే కబురొకటి ఉంది. వంతెనకి అక్క పేరు పెట్టడం వాయిదా వేశారు. "గొడవలు సద్దుమణగనీ ట్వైలా, తర్వాత చూద్దాం," అన్నాడు కౌంటీ పెద్ద, నా కొట్లో నా కాఫీ తాగుతూ. ప్రస్తుతానికి దానికి ఒక నంబరు ఇస్తారట.

ట్వైలా


అపలాచికోలా
మార్చి 21

బావకి,

నీనుంచి జవాబు లేదు. నేనూ ఎదురుచూడలేదు. కానీ ఇది నీకు తెలియాలి.

పోయిన వారం వెల్చ్ ఇంటికి వెళ్ళాను. పదవి దిగాక ఒక చెరువుగట్టు ఊళ్ళో ఉంటున్నాడని నువ్వెప్పుడో ఫోన్లో అన్నావు, ఇల్లు పెట్రోలు బంకులో చూపించారు. ట్రక్కు డ్యూయీ నడిపాడు. నన్ను ఒక్కదాన్నే వదిలితే జైల్లో తేలతానని వాడి అనుమానం. వాడు రోడ్డు మీదే ఉండిపోయాడు.

వాళ్ళావిడ జాలి తలుపు తీయకుండానే వెళ్ళిపొమ్మంది. ఆయన వరండాలో కూర్చుని పెకాన్ కాయలు ఒలుస్తున్నాడు. "రానీ," అన్నాడు. కూర్చోమనలేదు, నేనూ కూర్చోలేదు. దారి పొడుగునా అనుకున్నవన్నీ ఎటుపోయాయో, ఒక్క ముక్కే వచ్చింది. "ఆ రోజు నేను నోరు మూసుకోవాల్సింది. నా మీద కోపం ఆ కుటుంబాల మీద తీర్చుకోకండి. ఆ కాగితం ఎక్కడైనా చదవండి. నేను ఆ ఛాయలకి కూడా రాను."

"కాగితం లేదు. పొయ్యిలో వేశాను," అన్నాడు.

నేను వెళ్ళబోతుంటే, "మీ అక్క తెలుసు నాకు. ఏ సమావేశానికైనా అందరికన్నా ముందొచ్చి కూర్చునేది," అన్నాడు.

"అయితే ఎందుకు వద్దన్నారు?"

కాయ ఒలుస్తూ తలెత్తకుండానే చెప్పాడు. "ఆ తర్వాతి ప్రయోగానికి తేదీ ఇచ్చేశాం. ఫోటోలు తీస్తే వాటిని చూడాలి. చూస్తే తేదీ జరుగుతుంది. జరక్కూడదనుకున్నాను."

"అంతేనా?"

"అంతే. ఇంతకంటే పెద్ద కారణం ఏదైనా ఉందేమోనని ఇన్నేళ్ళూ వెతికాను. లేదు."

ఈ మాట బయట చెబుతారా అని అడిగాను. "చెప్పను. నువ్వు చెప్పుకో. నేను కాదంటాను," అన్నాడు. అందులో పొగరు కూడా లేదు బావా. రేపు వానొస్తుంది అన్నట్టు అన్నాడు.

రాక్షసుడైతే బాగుండేది. ముసలాయన. ఒలుస్తుంటే పప్పు కన్నా పెచ్చులే ఎక్కువ గిన్నెలో పడుతున్నాయి. నేను ఇన్నేళ్ళు పెంచుకున్న కోపానికి సరిపోయే మనిషి ఆ కుర్చీలో లేడు. తిరిగొచ్చి ట్రక్కెక్కితే, కొట్టావా అని అడిగాడు డ్యూయీ. ముందు బండి తియ్యమన్నాను.

ఆరు కుటుంబాలు వినాల్సిన మాట నా ఒక్కదాని చెవిలో పడింది. నా మాట ఎవరు నమ్ముతారు? జనవరి నుంచి నేను కేకలేసిన ఆడదాన్ని. నువ్వయినా నమ్ముతావా?

ట్వైలా


హ్యూస్టన్
ఏప్రిల్ 10

ట్వైలాకి,

నమ్ముతాను. తేదీ కోసమేనన్న మాట విన్నాక ఇక అనుమానం లేదు. అబద్ధమాడదలిస్తే నువ్వు ఇంతకన్నా ఘోరమైన కారణం కల్పించి ఉండేదానివి.

మిగతా కుటుంబాలకి చెప్పాను. ఒకాయన, "ఎవరు, ఆ టోపీ ఆవిడా?" అని ఆగిపోయాడు. ఇంకొకావిడ విని ఏడ్చింది, కానీ మళ్ళీ ఫోన్ చేయొద్దంది. తక్కినవాళ్ళు థాంక్స్ చెప్పారు, అంతే.

ఇక్కడ కొత్తగా చేరిన వ్యోమగాములకి నేను పాఠం చెప్పాలి. మెరిడియన్ పాఠం వచ్చిన రోజు వెల్చ్ పేరు నా నాలిక చివరిదాకా వచ్చింది. సాక్ష్యమేదని అడిగితే నా దగ్గరేముంది? "ఫోటోలకి అనుమతి లభించలేదు," అని చెప్పాను. పిల్లలు బుద్ధిగా రాసుకున్నారు. ఆ వాక్యం రాసినవాళ్ళని నువ్వు తిట్టినప్పుడల్లా ఇకమీదట నన్ను కూడా కలుపుకో.

నీ ఉత్తరం జోడీకి ఇచ్చాను. వంటింట్లో నిలబడే చదివింది. చదివాక ఏమందో ఉన్నది ఉన్నట్టు రాస్తున్నాను, మెత్తబరచడం నీకూ ఇష్టం ఉండదు. "పిన్ని అబద్ధమాడదు నాన్నా. కానీ ఆ పేర్లు చదవడానికి నేను మిగతా ఐదుగురి ఇళ్ళకీ ఫోన్ చేసి ఎలా పలకాలో నేర్చుకున్నాను. వాళ్ళ పిల్లలు ముందు వరసలో కూర్చున్నారు. పిన్ని లెక్కలో మా అమ్మ ఒక్కతే చచ్చిపోయింది," అంది.

వేసవికి అది అక్కడికి రాదు. అడగొద్దు.

ఎమ్మెట్


అపలాచికోలా
మే 4

బావకి,

జోడీ మాట చాలా రోజులు మింగుడుపడలేదు. అంత చిన్నపిల్ల నన్ను అంత మాటంటుందా అని ముందు కోపమొచ్చింది. దానికి సమాధానంగా ఒక ఉత్తరం రాశాను కూడా. పంపలేదు.

బే మళ్ళీ తెరిచారు. నిన్న పొద్దున్న నాన్న పడవ తీసుకుని ఒక్కదాన్నే వెళ్ళాను. జనవరిలో నన్ను బయటికి తోస్తున్నప్పుడు చేతిలో ఉండిపోయిన కార్యక్రమం కార్డు పట్టుకెళ్ళాను. నా వల్లే చదవలేదు కాబట్టి నేనే చదువుదామనుకున్నాను. వినేవాళ్ళెవరూ లేరు, పక్షులు తప్ప. ఇంజను ఆపి నిలబడ్డాను.

అక్క పేరు కార్డు చూడకుండా చెప్పాను. ఆ తర్వాత నోట ఇంకో పేరు రాలేదు. "ఆరుగురు, ఆరుగురు" అని ఊళ్ళో ఎన్నిసార్లు అరిచుంటాను బావా? మీరంతా వాళ్ళని మరిచిపోయారని ఎంతమందిని తిట్టుంటాను? మిగతా ఐదుగురివీ కార్డు చూసి చదవాల్సి వచ్చింది. అందులో ఒకావిడకి కవలలున్నారని కింద రాసి ఉంది. నాకు నిన్నటిదాకా తెలియదు.

నలుగురివి ఎలాగో చదివాను. చివరి ఆయన దగ్గర ఆగిపోయాను. కాజిమిర్ వరకు వచ్చింది. ఇంటిపేరు నిండా హల్లులే, మధ్యలో ఊపిరి తీసుకోవడానికి ఒక్క అచ్చయినా లేదు. మూడు నాలుగు రకాలుగా అన్నాను, ఏదీ మనిషి పేరులా లేదు. తప్పుగా పిలిస్తే పిలవనట్టే కదా. కార్డు జేబులో పెట్టుకుని, ఇంజను వేసుకుని వచ్చేశాను.

జోడీకి ఆ పేరు వచ్చు. నాతో మాట్లాడనక్కర్లేదు, ఎలా ఉన్నావని అడగనక్కర్లేదు. ఆయన ఇంటిపేరు ఎలా పలకాలో ఒక కాగితం మీద రాసి పంపమను.

ట్వైలా